హారంలోంచి జారిపోయిన పిల్లలు

2024 డిసెంబరు చివర్లో మా ఆఫీసు వాట్సాప్ గ్రూపులో ఒక వార్త తిరిగింది. ఐదు, ఎనిమిది తరగతుల్లో ఫెయిలైన పిల్లల్ని మళ్ళీ అదే తరగతిలో కూర్చోబెట్టడానికి వీలుగా కేంద్రం నిబంధనలు మార్చింది. రెండు నెలల్లోపు ఇంకో పరీక్ష పెడతారు, అదీ తప్పితే అక్కడే. గ్రూపులో దాదాపు అందరూ చప్పట్లు కొట్టారు. "ఇన్నాళ్ళకి బుద్ధొచ్చింది" అన్నారొకరు. నేనూ ఒక బొటనవేలు ఎత్తి పెట్టాను. ఆ తర్వాత రెండు వారాలకి, దానికీ దీనికీ సంబంధం లేకుండానే, 'లెటర్ టు ఎ టీచర్' చదివాను. ఆ బొటనవేలు వెనక్కి తీసుకోవాలా వద్దా అన్నది ఇంకా తేలలేదు.

పుస్తకం 1967లో ఇటలీలో వచ్చింది. రచయిత పేరుండాల్సిన చోట 'బార్బియానా బడి' అని ఉంటుంది. ఫ్లోరెన్సుకి పైన ముజెల్లో కొండల్లో, ఒక చర్చీ, చెదురుమదురుగా కొన్ని ఇళ్ళు ఉన్న చోటు బార్బియానా. చర్చి పెద్దలకి మింగుడుపడని డాన్ లొరెంజో మిలానీ అనే ఫాదరీని 1954లో అక్కడికి పంపారు. పేరుకి బదిలీ, నిజానికి శిక్ష. ఆయన అక్కడ బడి పెట్టాడు. సర్కారు బళ్ళో ఫెయిలై, పశువుల వెంట వెళ్ళిపోయిన రైతుబిడ్డలే విద్యార్థులు. వాళ్ళలో ఎనిమిది మంది కలిసి, తమని ఫెయిల్ చేసిన ఒక టీచరుకి రాసిన ఉత్తరమే ఈ పుస్తకం. అచ్చయిన కొద్దివారాలకి, 44 ఏళ్ళకే మిలానీ పోయాడు. 1970లో వచ్చిన నోరా రాసీ, టామ్ కోల్‌ల ఇంగ్లీషు అనువాదం నేను చదివింది.

కోపంతో రాసిన పుస్తకాలు చాలా ఉంటాయి. ఈ కోపానికి లెక్కలొచ్చు. పిల్లలు ప్రభుత్వ గణాంకాలు తెచ్చుకుని, ఒక తరగతిలో చేరినవాళ్ళు ఏడాది ఏడాదికీ ఎక్కడ రాలిపోతున్నారో, వాళ్ళ నాన్నలు ఏం పని చేస్తారో పట్టికలు వేశారు. ఆ గణాంకాల పనికి ఇటలీ భౌతికశాస్త్ర సంఘం బహుమతి కూడా ఇచ్చింది. వాళ్ళు కనిపెట్టింది పెద్ద రహస్యమేమీ కాదు. టీచరుకి కనిపించేది ఎప్పుడూ మిగిలినవాళ్ళే. పోయినవాడి కుర్చీలో కింది తరగతి నుంచి ఇంకొకడొచ్చి కూర్చుంటాడు, గది నిండుగానే ఉంటుంది.

నా ఉద్యోగం డేటాతోనే. సగటు లెక్కగట్టే ముందు ఖాళీలున్న వరసల్ని తీసిపారేయడం మాకు రోజూ ఉండే పని. ఒక్క లైను కోడు. ఆ లైను తర్వాత అంకెలు ఎంత అందంగా తయారవుతాయో! ప్రతి ఏడాదీ పేపర్లలో వచ్చే పదో తరగతి ఉత్తీర్ణతా శాతమూ అలాంటిదే. హారంలో ఉండేది పరీక్షకి కూర్చున్నవాళ్ళు. ఆరో తరగతిలో చేరి మధ్యలో పోయినవాళ్ళు లవంలోనూ లేరు, హారంలోనూ లేరు.

ఇక్కడ నా సంగతి చెప్పాలి. ఈ పుస్తకంలో ఇద్దరు కుర్రాళ్ళుంటారు. జాన్ని రైతు కొడుకు, పియెరీనో డాక్టరు గారబ్బాయి. పియెరీనో బడికొచ్చేసరికే చదవడం రాయడం వచ్చి ఉంటుంది, ఏకంగా రెండో తరగతిలో కూర్చుంటాడు. చదివేవాళ్ళెవరైనా జాన్ని పక్షానే ఉంటాం, అది తేలిక. కానీ మాది ప్రకాశం జిల్లాలో ఒక మండల కేంద్రం, మా నాన్న అక్కడి హైస్కూల్లోనే మాస్టారు. ఆ ఊరి పియెరీనోని నేనే.

తొమ్మిది దాకా నా పక్కన కూర్చున్నవాడు ఒకడున్నాడు. లెక్కల్లో ఎప్పుడూ పదిహేను, ఇరవై మార్కులు. పదో తరగతిలో నూరు శాతం ఫలితం తేవాలని మా బడి ఆ ఏడాది పట్టుదల మీదుంది. పరీక్ష ఫీజులు కట్టి నామినల్ రోల్స్ పంపే రోజులొచ్చేసరికి వాడి పేరు, ఇంకో ఆరుగురి పేర్లు అందులో లేవు. "ప్రైవేటుగా కట్టించండి, రెగ్యులర్‌గా వద్దు" అని వాళ్ళ నాన్నలకి చెప్పారు. చీమకుర్తి వైపు గ్రానైట్ పనికి వెళ్ళే మనిషికి ప్రైవేటుగా కట్టడమంటే ఏమిటో ఎవరు విడమరిచి చెబుతారు? వాడు పరీక్ష రాయలేదు. మా బడికి నూరు శాతం వచ్చింది, గేటుకి బ్యానరు కట్టారు. దాని మీద ఫొటో నాది.

ఆ నామినల్ రోల్స్ ఫెయిర్ చేసింది మా నాన్న. ఇంట్లోనే, రాత్రి భోజనాలయ్యాక, స్కేలు పెట్టి గీతలు గీసి రాయడం నేను చూశాను. అప్పుడు నాకేమీ అనిపించలేదు.

బార్బియానా బళ్ళో రోజుకి పన్నెండు గంటలు చదువు. ఏడాదికి 365 రోజులు. ఆటలు లేవు, సెలవుల్లేవు. ఈ వాక్యాల దగ్గర నాకు ఒళ్ళు జలదరించింది. ఇంటర్ రెండేళ్ళూ నేనున్న రెసిడెన్షియల్ కాలేజీ టైంటేబుల్ ఇదే కదా! తెల్లారుజామున స్టడీ అవర్, రాత్రి పదిన్నర దాకా స్టడీ అవర్, ఆదివారం పరీక్ష. బయటినుంచి చూస్తే రెండింటికీ తేడా కనబడదు. కానీ మా కాలేజీలో వారం వారం మార్కులని బట్టి సెక్షన్లు మారేవి. పై సెక్షన్‌కి మంచి లెక్చరర్లు, కింది సెక్షన్‌కి నిన్నమొన్న డిగ్రీ అయిన కుర్రాళ్ళు. బార్బియానాలో ఏ ఒక్కడికి అర్థం కాకపోయినా పాఠం అక్కడే ఆగేది. వాడికి వచ్చేదాకా మిగతావాళ్ళు ముందుకెళ్ళరు, పెద్దపిల్లలు చిన్నవాళ్ళకి చెబుతారు. గంటలు అవే. ఎవరి కోసం ఆ గంటలు అన్నదగ్గర రెండూ ఒకదానికొకటి పూర్తిగా తలకిందులు. మిలానీ కఠినత్వాన్ని మెచ్చుకునేవాళ్ళు ఈ తేడా మర్చిపోతే, మన కార్పొరేట్ కాలేజీలకి ఆయన ఫొటో ఒకటి అమ్మేసినట్టే.

ఈ పిల్లలు అడిగిన సంస్కరణలు మూడే. ఎవర్నీ ఫెయిల్ చేయొద్దు. వెనకబడినట్టు కనిపించేవాళ్ళకి రోజంతా బడి పెట్టండి. బద్ధకంగా కనిపించేవాళ్ళకి చదువుకో ప్రయోజనం చూపించండి. మూడూ ఒకదాన్నొకటి మోస్తుంటాయి. మన విద్యాహక్కు చట్టం (2010 ఏప్రిల్ నుంచి అమలు) మొదటిదాన్ని పట్టుకుంది, ఎనిమిది దాకా ఎవర్నీ ఆపకూడదంది. రెండోదాన్ని పూర్తిగా వదిలేసిందనలేం. నిరంతర మూల్యాంకనమనీ, వెనకబడి చేరినవాళ్ళకి ప్రత్యేక శిక్షణ అనీ కాగితం మీద ఉన్నాయి. అమల్లో మిగిలింది మాత్రం పై తరగతికి తోసేయడమే. తొమ్మిదిలోకి వచ్చేసరికి చట్టమూ అయిపోతుంది. అక్కణ్ణుంచి పిల్లాడూ, పదో తరగతి పరీక్షా ఎదురెదురు.

ఫలితం ఎలా ఉందో 2023 అసర్ సర్వేలో ఉంది. 26 రాష్ట్రాల్లో, 28 జిల్లాల పల్లెల్లో 14 నుంచి 18 ఏళ్ళ వాళ్ళని చూశారు. ఏదో ఒక చోట పేరు నమోదైనవాళ్ళు 86.8 శాతం. బాగుంది. కానీ వాళ్ళలో దాదాపు నాలుగోవంతు మంది రెండో తరగతి స్థాయి పాఠాన్ని సొంత భాషలో తడబడకుండా చదవలేకపోయారు. మూడంకెల సంఖ్యని ఒక అంకెతో భాగించగలిగినవాళ్ళు 43 శాతమే. మా ఆఫీసు వాళ్ళ చప్పట్లకి కారణం ఇదే, అది కొట్టిపారేయదగ్గ కారణం కాదు. అయితే మూడింట ఒక వంతు మందు వేసుకుని, రోగం తగ్గలేదని ఆ వంతు కూడా మానేస్తున్నాం. ఆపేసిన ఏడాదిలో ఆ పిల్లాడికి కొత్తగా ఎవరు ఏం నేర్పుతారో చప్పట్లు కొట్టినవాళ్ళెవరూ అడగలేదు. నేనూ అడగలేదు.

రోజంతా బడి అనేది మనకి తెలియంది కాదు. 1971లో సర్వేలులో గురుకులం మొదలైంది, వెంటనే తాడికొండ, కొడిగెనహళ్లి వచ్చాయి. గొప్ప బళ్ళే. కానీ ప్రవేశపరీక్ష పెట్టి, పల్లెల్లో చురుకైనవాళ్ళని ఏరి తీసుకెళ్ళాయి. (ఆ పరీక్ష చిన్నప్పుడు నేనూ రాశాను. సీటు రాలేదు, ఆ కడుపుమంట ఈ వాక్యంలో కాస్త ఉండొచ్చు.) బార్బియానా తలుపు తీసింది ఆ పరీక్షలో తప్పేవాళ్ళకి.

పుస్తకంతో నాకు పేచీలూ ఉన్నాయి. అమ్మాయిల సంగతి కొన్ని వాక్యాల్లో తేల్చేశారు. దారి ప్రమాదమనో, తల్లిదండ్రుల ఆలోచన అంతేననో రాసి ముందుకెళ్ళిపోతారు. హైస్కూలు పక్క ఊళ్ళో ఉంటే మొదట మానేసేది ఆడపిల్లే అని తెలిసిన చోటినుంచి చదువుతుంటే ఆ తొందర గుచ్చుకుంటుంది. ఇక ఆ టీచరు. పేరు లేని ఆ మనిషి మీద పుస్తకమంతా రాళ్ళ వాన. ఆవిడ చేతిలో ఏముంది, పైవాళ్ళు ఆవిడని ఏమడుగుతారు అన్నది వాళ్ళకి పట్టదు.

సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు పుస్తకం నాన్నకిచ్చాను. రిటైరయ్యాక ఆయనకి పేపరు తప్ప వేరే చదువు లేదు. నాలుగు రోజులు పట్టింది. "కోపం బాగానే ఉందిరా పిల్లలకి. యాభై ఏడు మందికి ఒక గది, మధ్యలో ఎలక్షన్ డ్యూటీ, ఓటర్ల లిస్టులు... ఆ ఫాదరీ దగ్గర ఎంతమంది?" అన్నాడు. అది న్యాయమైన ప్రశ్నే. నేను నామినల్ రోల్స్ మాట ఎత్తాను. కాసేపు ఊరుకుని, "హెడ్మాస్టరు చెప్పాడు, నేను రాశాను" అన్నాడు. తర్వాత లేచి పెరట్లోకి వెళ్ళిపోయాడు.

నాకు బాగా నచ్చిన భాగం ఒకటుంది. వాళ్ళని వ్యాయామ పరీక్షలో బంతి విసిరి బాస్కెట్‌బాల్ ఆడమంటారు. వీళ్ళకి ఆ ఆట తెలీదు, ఓక్ చెట్లెక్కడం తెలుసు. చదవగానే నా పక్కబెంచీ వాడు గుర్తొచ్చాడు. వాడిప్పుడు గ్రానైట్ ఫ్యాక్టరీలో కటింగ్ దగ్గర మేస్త్రీ. బండరాయి బ్లాకుని చూసి, ఎన్ని చదరపు అడుగుల పలకలొస్తాయో, ఎంత వేస్టు పోతుందో నోటితో చెప్పేస్తాడు. ఇక్కడితో ఆపితే మంచి కథ. కానీ పోయినేడు బ్యాంకులోను కాగితాలు వాట్సాప్‌లో ఫొటోలు తీసి నాకు పంపి, "ఇందులో ఏముందో చదివి చెప్పరా, సంతకం పెట్టమంటన్నారు" అన్నాడు. అవి తెలుగులోనే ఉన్నాయి.

మాట మీద పట్టు లేకపోవడమే అసలు పేదరికమన్నది బార్బియానా పిల్లల వాదన. అందుకే ఆ బళ్ళో రోజూ పేపరు కలిసి చదివేవాళ్ళు, అర్థం కాని మాట దగ్గర ఆగిపోయేవాళ్ళు. ఈ పుస్తకమూ అలాగే రాశారు. తోచింది తోచినట్టు ఒక్కో చీటీ మీద రాసుకోవడం, అన్నీ బల్ల మీద పరిచి కుప్పలుగా పేర్చడం, పైకి చదువుతూ అక్కర్లేని మాట కనబడితే కొట్టేయడం. మా టీమ్‌లో కోడ్ రివ్యూ ఇంత నిజాయితీగా జరిగితే ఎంత బాగుండునో. మనం తెలుగు మీడియమా ఇంగ్లీషు మీడియమా అని కోర్టుల దాకా వెళ్ళాం. బ్యాంకు కాగితం ముందు కూర్చున్నవాడికి ఏ మీడియంలోనూ ఎవరూ ఆగి చదివించలేదు.

ఉత్తరం చివర్లో పిల్లలు ఆ టీచరు జవాబు కోసం ఎదురుచూస్తుంటామంటారు. నాన్న ఆ పుస్తకం తిరిగివ్వలేదు. మొన్న ఫోన్ చేసినప్పుడు ఉన్నట్టుండి వాడి నంబరు అడిగాడు. ఎందుకని నేనడగలేదు, పంపించాను.