నేతికుండలూ అద్దె గర్భాలూ: పునరుత్పత్తి సాంకేతికతపై ఒక సాహిత్య పఠనం

ప్రవేశిక

2019 జనవరిలో జలంధర్‌లో జరిగిన 106వ భారతీయ విజ్ఞాన మహాసభలో ఆంధ్రప్రదేశ్‌కు చెందిన ఒక విశ్వవిద్యాలయ ఉపకులపతి కౌరవుల జననాన్ని మూలకణ విజ్ఞానానికీ, పరీక్షనాళిక శిశువిధానానికీ ప్రాచీన నిదర్శనంగా పేర్కొన్నారు. శాస్త్రవేత్తలు ఆ వ్యాఖ్యను ఖండించారు. అభిమానులు సమర్థించారు. ఇరుపక్షాలూ కథను ఒకే ప్రశ్నతో సమీపించాయి: అది విజ్ఞానమా, కల్పనా? ఈ ప్రశ్నకు ఏ సమాధానం చెప్పినా దాని పరిధిలో గాంధారికి చోటు లేదు. కుండలు, నేయి, మాంసఖండం, సంఖ్య మాత్రమే మిగులుతాయి. కడుపు మోసిన మనిషి కనుమరుగవుతుంది.

సాహిత్య విద్యార్థులు ఈ వివాదాన్ని విజ్ఞానశాస్త్రానికి సంబంధించిన విషయంగా భావించి పక్కన పెట్టడం తగదని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. భారత, పురాణ కథల్లోని అసాధారణ జననాలు నేటి సాంకేతికతకు ఆధారాలు కాలేవు. కానీ ఆ సాంకేతికత లేవనెత్తిన నైతిక ప్రశ్నలు, ముఖ్యంగా సమ్మతి ప్రశ్న, ఆ కథల నిర్మాణంలోనే ఉన్నాయి. వాటిని గుర్తించడం, ఆ వెలుగులో నేటి తెలుగు పరిభాషను పరీక్షించడం ఈ వ్యాస లక్ష్యం.

సాదృశ్యం ఎక్కడ ఆగుతుంది?

ఆదిపర్వ కథ సుపరిచితమే. నెలలు మించినా ప్రసవం కాని గాంధారి, కుంతికి కుమారుడు కలిగాడని విని తన కడుపును తానే మోదుకుంటుంది. గర్భం మాంసపిండంగా జారిపడుతుంది. వ్యాసుడు వచ్చి, దానిని చల్లని నీటితో తడిపి, నూట ఒక్క ఖండాలు చేయించి నేతికుండల్లో భద్రపరచమంటాడు. వాటినుంచి నూరుగురు కొడుకులూ, దుస్సల అనే కూతురూ పుడతారు.

దీనిని పరీక్షనాళిక శిశువిధానంతో పోల్చినప్పుడు మొదటి అడుగులోనే చిక్కు వస్తుంది. 1978 జూలై 25న ఇంగ్లాండులో లూయీ బ్రౌన్ జన్మించిన విధానంలో శరీరం వెలుపల జరిగేది ఫలదీకరణ. ఆ పిండం కొద్దిరోజుల్లోనే తల్లి గర్భాశయానికి చేరుతుంది, మిగిలిన నెలలన్నీ అక్కడే పెరుగుతుంది. గాంధారి కథలో ఫలదీకరణ లోపల జరిగింది, ఎదుగుదల బయట జరిగింది. రెండూ సరిగ్గా ఎదురుబొదురు ప్రక్రియలు. నేతికుండకు దగ్గరగా వచ్చేది కృత్రిమ గర్భాశయం. 2017లో ఫిలడెల్ఫియా పరిశోధకులు నెలలు నిండని గొర్రెపిల్లలను ద్రవం నింపిన సంచుల్లో నాలుగు వారాల వరకు పెంచగలిగారు. అయితే అది కూడా గర్భంలో చాలాకాలం ఎదిగిన పిల్లలకు ఇచ్చిన ఆసరా మాత్రమే.

క్లోనింగ్‌తో పోలిక మరింత బలహీనం. ఒకే పిండాన్ని నూట ఒక్క భాగాలు చేస్తే ఏర్పడేవన్నీ ఒకే జన్యుసంపద గల శిశువులు కావాలి. అప్పుడు దుస్సల ఎలా పుట్టింది? కథ ఈ ప్రశ్నను పట్టించుకోదు. ఎందుకంటే దుస్సల పుట్టుకకు కారణం పిండవిభజన నియమం కాదు, గాంధారి కోరిక. కుండల పని జరుగుతుండగా తనకొక కూతురు కూడా ఉంటే బాగుండునని ఆమె మనసులో అనుకుంటుంది. నూరుగురు కొడుకులు ఆమెకు లభించిన వరం, వంశానికి కావలసిన అవసరం. కూతురు మాత్రం ఆమె సొంత ఆశ. కథను ప్రయోగశాల నివేదికగా చదివేవారికి దుస్సల లెక్కకు అందని ఒక అదనపు సంఖ్య. కథగా చదివేవారికి ఆ ఘట్టమంతటిలో గాంధారి గొంతు వినిపించే చోటు అదే.

ప్రతిరూపం – తల్లి లేని పుట్టుక

ఒక జీవినుంచి అచ్చం అటువంటి జీవి ఏర్పడటమనే ఊహకు మన వాఙ్మయంలో అతి సమీపంగా వచ్చే పాత్ర రక్తబీజుడు. మార్కండేయపురాణంలోని దేవీమాహాత్మ్యంలో అతని రక్తబిందువు నేలపై పడిన ప్రతిసారీ అతనితో సమానమైన అసురుడు లేస్తాడు. ఇక్కడ బీజమే సర్వస్వం. తల్లి లేదు, మోసిన కాలం లేదు, నొప్పి లేదు. భూమి కేవలం బిందువు పడే చోటు. కాళి రక్తాన్ని నేలకు చేరనీయకుండా తాగడంతో ఆ ఉత్పత్తి ఆగుతుంది. పురాణం ఈ తరహా పుట్టుకను భయంగానే ఊహించింది.

క్లోనింగ్ గురించి నేటి సామాన్య భావన కూడా రక్తబీజ నమూనాలోనే ఉంది. ఒక కణం తీస్తే ఒక ప్రతిరూపం వస్తుందని చాలామంది అనుకుంటారు. వాస్తవం వేరు. 1996 జూలై 5న స్కాట్లాండులోని రోస్లిన్ సంస్థలో పుట్టిన డాలీ విషయంలో, ఆరేళ్ళ గొర్రె పొదుగు కణపు కేంద్రకాన్ని మరో గొర్రెనుంచి సేకరించి, కేంద్రకం తీసివేసిన అండంలో ప్రవేశపెట్టారు. ఇలా పునర్నిర్మించిన అండాలు 277. వాటిలో పిండదశకు ఎదిగినవి 29. వాటిని 13 గొర్రెల గర్భాశయాల్లో ఉంచితే బతికి పుట్టినది ఒక్క డాలీ. అండాలిచ్చిన గొర్రెలను, మోసిన గొర్రెలను, ఫలించని గర్భాలను ‘ప్రతిరూప సృష్టి’ అనే పదం మరుగుపరుస్తుంది. మానవ క్లోనింగ్‌పై అభ్యంతరాలు ఎక్కువగా ‘వ్యక్తి విశిష్టత’ చుట్టూ తిరుగుతాయి. కానీ ఒకే జన్యుసంపద గల కవలలు ఎప్పటినుంచో వేర్వేరు వ్యక్తులుగానే జీవిస్తున్నారు. అంతకంటే బలమైన అభ్యంతరం డాలీ లెక్కల్లోనే ఉంది: ఆ 277 స్థానంలో స్త్రీల అండాలను, ఆ 13 స్థానంలో స్త్రీల గర్భాలను ఉంచి చూడాలి. భారతీయ వైద్య పరిశోధన మండలి 2017 నాటి మూలకణ పరిశోధన మార్గదర్శకాలు మానవ పునరుత్పత్తి క్లోనింగ్‌ను నిషేధించాయి. ఈ నిషేధానికి తాత్త్విక కారణాలు వెదకడానికి ముందే శారీరక కారణం కళ్ళెదుట ఉంది.

అంబిక కళ్ళు

సమ్మతి ప్రశ్నకు భారతంలో అత్యంత స్పష్టమైన సందర్భం విచిత్రవీర్యుని మరణానంతర ఘట్టం. వంశం నిలవాలని సత్యవతి కోడళ్ళను నియోగానికి ఒప్పిస్తుంది. వ్యాసుని చూడలేక అంబిక కళ్ళు మూసుకుంటుంది, అంధుడైన ధృతరాష్ట్రుడు పుడతాడు. అంబాలిక వెలవెలబోతుంది, పాండురాజు పుడతాడు. రెండవసారి వెళ్ళమన్నప్పుడు అంబిక తనకు బదులు దాసిని పంపుతుంది. దాసి వ్యాసుని ఆదరంతో సేవిస్తుంది, విదురుడు పుడతాడు.

ప్రాచీన కథలో సమ్మతి అనే ఆధునిక భావనను వెదకడం కాలవ్యత్యయం అవుతుందన్న ఆక్షేపణ రావచ్చు. కానీ ఇక్కడ అయిష్టాన్ని మనం కథలోకి తేవడం లేదు. కథే దానిని నమోదు చేసింది. ఆ మూసిన కళ్ళమీద కథాగమనం ఆధారపడింది. అయితే అదే కథ ఆ అయిష్టానికి శిక్షను బిడ్డపైనా, నిందను తల్లిపైనా మోపింది. బలవంతపెట్టిన వంశావసరానికి ఏ దోషమూ అంటలేదు. స్త్రీ అయిష్టాన్ని గమనించగలిగిన కావ్యం దానికి న్యాయం చేయలేకపోయింది. ఈ రెండింటినీ కలిపి చదివినప్పుడే విమర్శ పూర్తవుతుంది.

దాసి స్థానం ఇంకా సంక్లిష్టం. వ్యాసభారతంలో ఆమెకు దాస్యవిముక్తి లభిస్తుంది. గర్భానికి ప్రతిఫలం పొందినది ఆ ముగ్గురిలో ఆమె ఒక్కతే. ఆమె ఇష్టపడిందని కథ చెబుతుంది. కానీ కాదనే స్వేచ్ఛ లేని దాసి ఇష్టాన్ని ఇష్టమనవచ్చునా అన్నది మిగిలే ప్రశ్న. అంబికకు ప్రతిఫలం లేదు, ఆమె కుటుంబం కోసమే ఒప్పుకోవలసి వచ్చింది. అయిష్టం స్పష్టంగా కనిపించేది ఆమెలోనే.

ఈ రెండు స్థానాలూ నేటి శాసనాన్ని అర్థం చేసుకోవడానికి ఉపకరిస్తాయి. 2022 జనవరిలో అమలులోకి వచ్చిన సరొగసీ నియంత్రణ చట్టం, 2021, వాణిజ్య సరొగసీని నిషేధించింది. వైద్యఖర్చులు, 36 నెలల బీమా వంటివి తప్ప గర్భం మోసే స్త్రీకి ప్రతిఫలం ఉండరాదు. పేద స్త్రీని దోపిడీనుంచి కాపాడటం దీని ఉద్దేశం. దాసి ఉదంతం ఆ ఆందోళన న్యాయమైనదేనని చూపుతుంది. కానీ డబ్బు లేనిచోట ఒత్తిడి కూడా ఉండదనే భావన ఈ నిషేధం వెనుక ఉంది. దానిని అంబిక ఉదంతం నిలదీస్తుంది. అత్త అడిగితే, ఆడపడుచు ఏడిస్తే, కుటుంబ గౌరవం ముందుంచితే ‘నిస్వార్థంగా’ ఒప్పుకునే స్త్రీ ఎంతవరకు స్వతంత్రురాలు? వైద్యునికీ, సంతాన సాఫల్య కేంద్రానికీ రుసుము దక్కే ఏర్పాటులో త్యాగం ఆమెనుంచి మాత్రమే ఎందుకు ఆశిస్తున్నాం? సమ్మతిని డబ్బుతో మాత్రమే కొలిచే చర్చకు భారతకథ చేర్చగల అంశం ఇది.

పరిభాషలోని నైతికత

ధర్మశాస్త్రాలు సంతానస్వామ్యాన్ని బీజ–క్షేత్ర రూపకంతో చర్చించాయి. మనుస్మృతి తొమ్మిదవ అధ్యాయంలో ఈ వాదం విస్తారంగా ఉంది. విత్తనం ఎవరిది, పొలం ఎవరిది అన్న ప్రశ్నలో పొలానికి యజమాని ఉంటాడు, పొలం మాత్రం మాట్లాడదు. ధృతరాష్ట్రుడు, పాండురాజు క్షేత్రజులు. నేటి తెలుగులో ‘అద్దె గర్భం’ అనే మాట ఈ రూపకానికి కొనసాగింపు. పొలం ఇల్లయింది, కౌలు అద్దె అయింది. ఇల్లు ఖాళీ చేసినట్లు గర్భం ఖాళీ అవుతుందన్న ధ్వని అందులో ఉంది. వాణిజ్య సరొగసీ నిషేధించిన తరువాత కూడా ఆ మాట చలామణిలో ఉండటం శాసనార్థానికే విరుద్ధం.

‘దానం’ అనే పదం మరో విధంగా మభ్యపెడుతుంది. వీర్యదానం, అండదానం అనే సమాసాలు వినడానికి సమానం. కానీ అండదాత రోజుల తరబడి హార్మోను ఇంజెక్షన్లు తీసుకోవాలి. మత్తు ఇచ్చి సూదితో అండాలు సేకరిస్తారు. 2021 నాటి సహాయక పునరుత్పత్తి సాంకేతికత చట్టం ఒక స్త్రీ జీవితంలో ఒక్కసారే అండదానం చేయాలనీ, ఏడుకు మించి అండాలు సేకరించరాదనీ నిర్దేశించడానికి ఈ శారీరక భారమే కారణం. శాసనం గుర్తించిన తేడాను పదం చెరిపివేస్తున్నది.

‘సంతాన సాఫల్య కేంద్రం’ అన్న పేరులో సంతానం లేకపోవడం వైఫల్యమన్న తీర్పు ఇమిడి ఉంది. ‘గొడ్రాలు’ అన్న నిందావాచకానికి సమానంగా పురుషునికి వాడుకలో పదం లేకపోవడం ఆ తీర్పు ఎవరిపై పడుతుందో తెలుపుతుంది.

‘కన్నతల్లి’ అన్న పదం ఇంతకంటే ఆసక్తికరం. సరొగసీ చట్టం పుట్టిన బిడ్డను సంకల్పించిన దంపతుల జీవసంబంధ సంతానంగా పరిగణిస్తుంది. తెలుగు పలుకుబడిలో కన్నది మాత్రం మోసి ప్రసవించిన స్త్రీ. అయితే ‘కన్నతండ్రి’ అన్న మాట కూడా ఉంది. ప్రసవించని పురుషుని బీజాధికారాన్ని ‘కన్న’ అన్న విశేషణం ఏనాడో ఇముడ్చుకుంది. ఆ లెక్కన అండమిచ్చిన స్త్రీకి కూడా అందులో చోటు దొరకాలి. అలా ఒకే మాటకు ఇద్దరు హక్కుదారులు ఏర్పడతారు. ఈ సందిగ్ధతకు మన కథాలోకం కొత్తది కాదు. దేవకి ఏడవ గర్భాన్ని యోగమాయ రోహిణి గర్భంలోకి మార్చిన భాగవతకథలో బలరాముడు రౌహిణేయుడుగానే ప్రసిద్ధుడు. మోసిన తల్లి పేరు బిడ్డకు మిగిలింది. నేటి శాసనం మోసిన స్త్రీ పేరును తొలగిస్తున్నది. రోహిణి సమ్మతి ఎవరూ అడగలేదు, నేడు అడగాలని శాసనం చెబుతున్నది. ఒకటి పొందినచోట మరొకటి కోల్పోయిన ఈ తారుమారును గమనించకుండా ప్రాచీనం గొప్పదనో, ఆధునికం గొప్పదనో తేల్చడం తొందరపాటు.

ముగింపు

గర్భం మోయబోయే స్త్రీకి తెలిసిన దుష్ప్రభావాలన్నీ వివరించి, ఆమెకు అర్థమయ్యే భాషలో లిఖితపూర్వక సమ్మతి తీసుకోవాలని సరొగసీ చట్టం ఆరవ విభాగం చెబుతుంది. పిండాన్ని గర్భంలో ప్రవేశపెట్టడానికి ముందు ఆ సమ్మతిని ఉపసంహరించుకునే హక్కు కూడా ఆమెకుంది. తెలుగు స్త్రీ విషయంలో ‘ఆమెకు అర్థమయ్యే భాష’ తెలుగే. ఆ తెలుగు ఎవరు రాస్తారు? అండదాత సమ్మతిపత్రంలో ‘అండాశయ అతిప్రేరణ లక్షణ సమూహం’ అని రాస్తే అనువాదం జరిగినట్లే, సమ్మతికి అవసరమైన అవగాహన మాత్రం కలగదు. అండాశయాలు వాచి, కడుపులో నీరు చేరి, ఒక్కోసారి ప్రాణాపాయం కలగవచ్చునని రాస్తే ఆమె కాదనగలదు. కాదనగలిగినప్పుడే ఆమె అవుననడానికి విలువ.

పరిభాషా నిర్మాణం ఇంతకాలం పాఠ్యపుస్తకాల, పత్రికల అవసరంగా సాగింది. పునరుత్పత్తి సాంకేతికత విషయంలో అది ఒక స్త్రీ శరీరంపై ఆమె హక్కుకు షరతుగా మారింది. తెలుగు శాఖలు వైద్య, న్యాయశాఖలతో కలిసి సమ్మతిపత్రాల భాషను పరిశీలించడం, ‘అద్దె గర్భం’ వంటి మాటలకు ‘గర్భం మోసే స్త్రీ’ వంటి మనిషిని చూపే ప్రత్యామ్నాయాలను చర్చకు పెట్టడం తక్షణం చేపట్టదగిన పనులు. నేతికుండల్లో విజ్ఞానం ఉన్నదా అన్న వివాదానికి సాహిత్య పరిశోధకులు ఇవ్వగల సమాధానం కుండల గురించి కాకుండా గాంధారి గురించి ఉండాలి. ఆమె మనసులోని కోరికను కథ వినగలిగింది. సమ్మతిపత్రం మీద సంతకం చేయబోయే స్త్రీ మాటను వినగలిగే తెలుగును సిద్ధం చేయడం మన శాస్త్రబాధ్యత.