రీళ్లు కాచే చేతులు

1964లో పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ మొదలైంది. దానికి ప్రాణం పోసినవారు పి.కె. నాయర్. నాసిక్ వెళ్లి, దర్శకుడు ఫాల్కే కుటుంబాన్ని కలిసి, ఆయన తీసిన ‘రాజా హరిశ్చంద్ర’ (1913)లో మిగిలిన రీళ్లు సంపాదించారు. మన తొలి టాకీ ‘ఆలం ఆరా’ మాత్రం ఆయనకూ దొరకలేదు. ఫిల్మ్‌లోని వెండి కోసం ఎన్ని పాత రీళ్లను నాశనం చేశారో!

వెతకడం సగం పనే. అసిటేట్ ఫిల్మ్ చెడిపోతుంటే డబ్బా మూత తీయగానే వెనిగర్ వాసన గుప్పుమంటుంది. ఫిల్మ్ కుంచించుకుపోతుంది, అంచు రంధ్రాలు చిరుగుతాయి. ఆ చిరుగులను ఒక్కొక్కటిగా చేత్తో అతికి, దుమ్ము తుడిచి, రీళ్లను చల్లని పొడి గదిలో దాచేవాళ్ల ఓపికకు దణ్ణం పెట్టాలి. తెర మీద వాళ్ల పేర్లు పడవు.

మీ అటక మీద పాత రీలు డబ్బా ఉంటే తూకానికి వేయకండి, ప్రొజెక్టర్‌కు ఎక్కించకండి. పుణె ఆర్కైవ్‌కు కబురు పెట్టండి.