కిక్రి శ్రుతి తప్పిందా?

దండారికి ఊరికొచ్చిన మన కుర్రాళ్ళు కొందరు తాము చేసిన పాటొకటి వినిపించారు. బాణీ మనది, గొంతు మన పిల్లది. కింద వయొలిన్ల గుంపు, మధ్యలో బాకాలు, వెనక పెద్ద డ్రమ్ములు. అవన్నీ ఒక పాత లాప్‌టాప్‌లోంచి వచ్చినవే. పాట బాగుంది. కానీ చివర ఒకబ్బాయి అన్న మాట నన్ను ఇంకా వదల్లేదు: "తాత కిక్రి కూడా రికార్డు చేశాం సార్. శ్రుతి కలవట్లేదని తీసేశాం."

గోండు దేవతల కథలను తరతరాలుగా మోసుకొచ్చిన పర్ధాన్‌ల వాద్యం కిక్రి. దాన్ని తీసేయమని చెప్పిందెవరు?

కంప్యూటర్ వయొలిన్ అంటే ఎవరో నిజంగా వాయించిన స్వరాలే. ఒక్కో స్వరాన్ని రికార్డు చేసి ఒక్కో మీటకు తగిలిస్తారు. దాన్నే శాంపిల్ అంటారు. బీబీసీ సింఫనీ ఆర్కెస్ట్రాను స్పిట్‌ఫైర్ ఆడియో సంస్థ లండన్‌లో ఇలాగే రికార్డు చేసింది. దాని పూర్తి రూపం దాదాపు 600 జీబీ. 'డిస్కవర్' అనే తేలిక రూపం సుమారు 200 ఎంబీ. మన పిల్లల లాప్‌టాప్‌లో పట్టేది ఈ రెండోదే. ఇది మంచిదే. డబ్బున్నవాళ్ళకే దొరికే ఆర్కెస్ట్రా గూడెం దాకా వచ్చింది. నేను తప్పుపట్టను.

అయితే బరువు తగ్గాలంటే ఏదో ఒకటి వదులుకోవాలి. ఒకే స్వరాన్ని మెల్లగా, గట్టిగా, మళ్ళీ మళ్ళీ వాయించి దాచుకున్న రూపాలు తేలిక వాద్యాల్లో తక్కువ. అందుకే ఒకే మీటను వరసగా పదిసార్లు నొక్కితే పదీ ఒకేలా వినిపిస్తాయి. మన డోలు మీద ఏ రెండు దెబ్బలూ ఒకటి కావు. మన ఆటకు ఊపు అక్కడే ఉంది.

రెండోది శ్రుతి. మనం వేరుగా చెప్పకపోతే కంప్యూటర్ స్థాయిని 12 సమాన భాగాలు చేసి, ఆ మెట్ల మీదే నిలబడుతుంది. తాత కిక్రిని తన గొంతుకు కలుపుకుంటాడు. ఆయన వేలు మెట్ల మధ్య కూడా ఆగుతుంది. కిక్రి తప్పలేదు. తప్పు కొలబద్దతో కొలిచాం.

కాబట్టి యువతకు నా మాట ఇది. ముందు తాత పాటను, కిక్రిని రికార్డు చేయండి. తర్వాత సాఫ్ట్‌వేర్‌లోని ట్యూనింగ్‌ను మార్చి వయొలిన్లను ఆయన శ్రుతికి తెండి. వాటిని వెనక పరుపులా ఉంచండి, చాలు. డ్రమ్ముల బదులు మీ డోలు దెబ్బలను మెల్లగా, గట్టిగా, నాలుగైదేసి సార్లు ఫోన్‌లో పట్టుకోండి. అవీ శాంపిళ్ళే. వాయించినవారి అనుమతి అడగండి, పాట కింద వారి పేరు వేయండి.

ఉపాధ్యాయ మిత్రులకూ ఒక మాట. తాత వాయించేది తప్పని ఒక పిల్లవాడు ఒకసారి నమ్మితే, రేపు తాత భాష కూడా తప్పే అనుకుంటాడు. 

ఆ పాటను మళ్ళీ చేయమన్నాను. ఈసారి తాత ముందు కూర్చుంటాడు, లండన్ వయొలిన్లు ఆయన వెనక కూర్చుంటాయి.