పడినవాడు లేచాక

మా తాత కోలార్ బంగారు గనుల్లో (కేజీఎఫ్) చాంపియన్ రీఫ్ అనే గనిలో పనిచేశాడు. మూడు కిలోమీటర్లు దాటిన లోతు దానిది. వాకిట్లో ఎవడైనా జారిపడితే మేం పిల్లలం పకపకా నవ్వేవాళ్లం. తాత కసిరేవాడు: "పడినోడు లేచినాక నవ్వండ్రా!" రాయి పేలితే మనుషులు లేవకుండా పోవడం చూసినవాడి మాట అది.

చార్లీ చాప్లిన్ మూకీలు చూసినప్పుడల్లా నాకు తాత గుర్తొస్తాడు. 1916 నాటి 'వన్ ఎ.ఎం.' చూడండి. మొదట్లో కనబడే టాక్సీ డ్రైవర్ తప్ప చిత్రమంతా ఆయనొక్కడే. పీకలదాకా తాగి ఇల్లు చేరిన పెద్దమనిషి. నున్నటి నేలమీద కాలి కింది తివాచీ జారిపోతుంది. గుండ్రటి బల్ల గిర్రున తిరిగి మందు సీసాను అందనివ్వదు. మెట్లెక్కబోయి దొర్లుతూ కిందికొస్తాడు. మళ్లీ ఎక్కుతాడు, మళ్లీ దొర్లుతాడు. ఆఖరికి కొండలెక్కేవాళ్ల సరంజామా తగిలించుకుని మెట్ల మీదికి బయల్దేరతాడు! పైకి చేరితే గడియారం లోలకం ఊగుతూ వచ్చి కొడుతుంది.

ఇందులో పడటం కన్నా పడకూడదన్న పంతమే నవ్విస్తుంది. తూలుతూనే హుందాగా నిలబడాలని చూస్తాడు. పడేటప్పుడు మాత్రం ఒళ్లు బిగించడు, మూటలా వదిలేస్తాడు. వాడికేం కాదని మన కళ్లకు ముందే తెలిసిపోతుంది. తాత పెట్టిన షరతు తీరినట్టే. ఒళ్లు అలా వదలడానికి ఎంత సాధన కావాలో! నా మటుకు అది ఏ నాట్యానికీ తీసిపోని విద్య.

ఈ హాస్యానికి స్లాప్‌స్టిక్ అన్న పేరు రెండు చెక్కలు జోడించిన కొట్టుడు కర్ర నుంచి వచ్చింది. దాంతో కొడితే దెబ్బ చిన్నదే, చెక్కలు తగిలి వచ్చే చప్పుడు పెద్దది. మన తోలుబొమ్మలాటలో హాస్యగాడు కేతిగాడికి దెబ్బ పడినప్పుడు ఆటగాళ్లు కాలికింద చెక్కలు తొక్కి మోగించేదీ ఇందుకే. మూకీవాళ్లకు ఆ చప్పుడు కూడా లేదు. మొత్తం ఒంటితోనే వినిపించాలి.

తమిళం, తెలుగు, కన్నడం, దొరల ఇంగ్లీషు కలిసి బతికిన ఊరు మా కేజీఎఫ్. 2001లో గనులు మూతపడ్డాయి. షిఫ్టుల సైరన్ ఎరిగిన పెద్దవాళ్లు ఇంకా ఇళ్లలో ఉన్నారు. ఈ ఆదివారం వాళ్లనూ పిల్లలనూ పక్కపక్కన కూర్చోబెట్టి 'వన్ ఎ.ఎం.' చూపించండి. అరగంట చాలు, ఏ భాషా రానక్కర్లేదు.