రాజీపత్రంలో కర్త ఎవరు?

రాయలసీమలో 'రాజీ' అన్న మాట బరువైనది. పులివెందుల, జమ్మలమడుగు ప్రాంతాల్లో హత్య కేసులు సైతం పెద్దమనుషుల దగ్గర ముగిసిపోయి, కోర్టులో సాక్షులు అడ్డం తిరగడం కొత్త విషయం కాదు. చట్టప్రకారం హత్యకు రాజీ లేదు. అయినా భర్తను పోగొట్టుకున్న స్త్రీ వాంగ్మూలం రెండు వర్గాల మగవాళ్ల ఒప్పందంలో ఒక అంశమైపోతుంది. తొండూరు లాంటి చోట కాపురం గొడవ 498-ఎ కేసయినా ఆమె ఎదుట కూర్చునేది ఆ పెద్దమనుషులే. అయితే ఈ రాజీకి చట్టమే తలుపు తీసింది.

తీసింది 2003లో. ఆ సంవత్సరపు రెండు పాఠాలను మనం పక్కపక్కన పెట్టుకుని చదవాలి. మొదటిది, మార్చిలో బి.ఎస్. జోషి కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. 498-ఎ రాజీకి వీల్లేని నేరమే అయినా, దంపతులు ఒప్పందానికొస్తే హైకోర్టు కేసు కొట్టివేయవచ్చని అది చెప్పింది. స్వభావాలు కలవక కేసు పెట్టానని ఆ భార్య అఫిడవిట్ ఇచ్చింది. ఫిర్యాదులో ఒక కర్త ఉంటాడు. 'స్వభావాలు కలవకపోవడం'లో కర్త ఉండడు. కథల్లో వాక్యం ఎవరి వైపు నిలబడిందో పట్టుకునే మనం కోర్టు కాగితాలను మాత్రం అలా చదవం.

రెండోది మన రాష్ట్రం అదే ఏడాది ఆగస్టు 1 నుంచి అమలు చేసిన సవరణ. హింసకు గురైన స్త్రీ కోర్టు అనుమతితో రాజీపడవచ్చు, కానీ దరఖాస్తు పెట్టాక కనీసం మూడు నెలలు ఆగాలి, ఈలోగా ఏ పక్షమూ వెనక్కి తగ్గకూడదు. ఆమె మనసు మార్చుకోవడానికే ఆ గడువు అనుకుందాం. ఆ మూడు నెలలూ ఆమె ఎక్కడుంటుంది? పుట్టింట్లో వదినల చూపుల మధ్యనా, ఎవరి మీద కేసు పెట్టిందో ఆ ఇంట్లోనా? పిల్లల తిండి ఎవరు చూస్తారు? పాఠంలో ఆ వాక్యం లేదు. 'ఎవరి ఒత్తిడీ లేకుండా' అని జాయింట్ మెమోలో రాయించేది ఎవరో కూడా ఎవరూ అడగరు.

అయినా ఈ సవరణను ఉత్త కుట్రగా చదవడానికి నేను సిద్ధంగా లేను. రాజీకి దారి లేనప్పుడు ఆమె బోనెక్కి, తనను ఎవరూ ఏమీ అనలేదని ప్రమాణం చేసి చెప్పాల్సి వచ్చేది. తన దెబ్బల్ని తానే అబద్ధం చేసుకోవడం కన్నా, జరిగింది నిజమే, ఇక వద్దనుకుంటున్నాను అనగలగడం మెరుగు. చిక్కేమిటంటే, మెమో ఆ మొదటి సగాన్ని రాయనివ్వదు.

అన్నిటికన్నా నన్ను కలవరపెట్టేది 2012 నాటి జ్ఞాన్‌సింగ్ తీర్పు. హత్య, అత్యాచారం, దోపిడీ వంటి వాటికి ఒప్పందం చెల్లదంటూనే, వ్యాపార, ఆర్థిక, భాగస్వామ్య తగాదాల వరసలో కట్నానికి సంబంధించిన నేరాల్నీ చేర్చింది. అవి ప్రధానంగా వ్యక్తిగతమైనవట! వ్యక్తిగతమన్నదే రాజకీయమని ఇన్నేళ్లుగా మనం చెబుతున్నది ఆ గదిలోకి వెళ్లనే లేదు. విచిత్రంగా వరకట్న నిషేధ చట్టం 8వ సెక్షన్ మాత్రం ఆ నేరాలకు రాజీ లేదంటుంది. అంటే ఒకే ఛార్జిషీటులో హింసకు కింది కోర్టులో రాజీ కుదిరేది, కట్నానికి హైకోర్టు దాకా పోవాల్సి వచ్చేది.

2024 జూలై 1న పాత స్మృతులు పోయాయి. 498-ఎ ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 85వ సెక్షన్. కేంద్రం చేసిన కొత్త పట్టికలో అది రాజీకి వీలున్న నేరాల్లో లేదు. ఆ పట్టిక ప్రకారమైతే తొండూరు ఆడపిల్ల రాజీకైనా అమరావతి దాకా రావాలి. బస్సు ఛార్జీలు, లాయరు ఫీజు ఎవరిస్తారో, ఆ ఇచ్చినవాళ్లు ఆమెచేత ఏం రాయిస్తారో మనం చదవవలసిన తర్వాతి పాఠం.