పై సగం దస్తావేజులు

ఎకరం 12 లక్షలకు బేరం కుదిరినా దస్తావేజులో ఐదో ఆరో రాయించడం మన ఊళ్లలో పాత అలవాటు. స్టాంపు ఖర్చు కలిసొస్తుంది. రెండేళ్లకు అటుగా కాలువ తవ్వాలని ప్రభుత్వం భూసేకరణకు వస్తే, ఆ తక్కువ అంకె పక్క చేను రైతు మెడకు చుట్టుకుంటుంది. ఆ దస్తావేజుతో అతనికి ఏ సంబంధమూ లేదు.

ఈ సంగతి తెలిసినవాళ్లెవరో 2013 భూసేకరణ చట్టం రాసేటప్పుడు పక్కన కూర్చున్నారనిపిస్తుంది. 2014 జనవరి 1న అమల్లోకి వచ్చిన ఆ చట్టంలో నేను ఎక్కువసేపు ఆగేది 26వ సెక్షన్ దగ్గర. భూమి విలువ కట్టడానికి సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు ధర చూడాలి, చుట్టుపక్కల అలాంటి భూముల అమ్మకాల సగటు చూడాలి, ప్రైవేటు కంపెనీల కోసమో ఉమ్మడి ప్రాజెక్టుల కోసమో తీసుకుంటుంటే రైతులు ఒప్పుకున్న ధర కూడా చూడాలి. వీటిలో ఏది ఎక్కువైతే అదే లెక్క.

అసలు పనితనం ఆ సగటు తీసే తీరులో ఉంది. వెనకటి మూడేళ్ల దస్తావేజులు తీసి, వాటిలో ఎక్కువ ధర రాసిన సగం మాత్రమే పట్టుకోమంది చట్టం. ఎనిమిది దస్తావేజులున్నాయి అనుకుందాం. ఎకరానికి 6, 7, 7, 8, 10, 11, 12, 15 లక్షలు. అన్నీ కలిపితే సగటు తొమ్మిదిన్నర. పై నాలుగే తీసుకుంటే 12. ఎవరు అబద్ధం రాయించారో తేల్చే పని పెట్టుకోకుండానే, తక్కువ చేసి రాసినవి చాలావరకు కింది సగంలో ఉండిపోతాయి. ఎంత చిన్న వాక్యం, ఎంత లోతైన ఊరి జ్ఞానం!

ఆ 12 లక్షలను పల్లెల్లో ఒకటి నుంచి రెండు రెట్ల మధ్య హెచ్చించాలి. ఒకటింపావు రెట్లు అనుకుంటే 15. బోరు, మామిడి చెట్లు, కొట్టం కలిపి 2 లక్షలు. మొత్తం 17. దీనిమీద సొలేషియం నూటికి నూరు, అంటే ఇంకో 17. చేతికి 34 లక్షలు. 1894 నాటి చట్టంలో ఈ సొలేషియం నూటికి 15 ఉండేది, 1984లో 30 చేశారు. ఇష్టం లేకుండా భూమి వదులుకున్నందుకు ఇచ్చే ఊరట సొమ్ము అది. కొట్టానికీ చెట్లకూ కూడా అది వర్తించడం నాకు చాలా నచ్చింది. ఇంటి వెనక మామిడి చెట్టు పోతే పోయేది కాయల రాబడి ఒక్కటేనా? దాని విలువ కట్టడానికి తోటల సంగతి తెలిసిన మనిషి సాయం తీసుకోవచ్చని కూడా చట్టం రాసింది. ఇవి కాక భూమి విలువపై ఏడాదికి 12 శాతం విడిగా వస్తుంది. సామాజిక ప్రభావ అధ్యయనం ప్రకటించిన రోజు నుంచి, పరిహారం ఖరారు చేస్తూ కలెక్టర్ ఇచ్చే అవార్డో, భూమి స్వాధీనమో ఏది ముందైతే అంతవరకు. ఆఫీసు జాప్యానికి రైతు నష్టపోకూడదన్న ఆలోచన అది.

ఈ నేతలో వదులైన పోగులూ ఉన్నాయి. ఏ దస్తావేజు ధరైనా నిజమైన మార్కెట్‌ను చూపడం లేదనిపిస్తే కలెక్టర్ పక్కన పెట్టవచ్చు. పై సగం కోసం అంత శ్రద్ధగా వేసిన ముడి అక్కడ జారిపోయే వీలుంది. ఎన్ని రెట్లు అన్నదీ రాష్ట్రాలకే వదిలారు. పైన లెక్కలో ఒకటింపావుకు బదులు రెండు రెట్లు వేసి చూడండి: 34 కాస్తా 52 లక్షలవుతుంది. అదే చేను, అదే బోరు.

అవార్డు విచారణకు పిలుపొచ్చిన రైతు ముందుగా అడగవలసింది ఏ దస్తావేజులు లెక్కలోకి తీసుకున్నారన్నది. ఏవి వదిలేశారు, ఎందుకు వదిలేశారు అన్నది ఆ వెంటనే అడగాలి.