గోవిందరాజులవారి ముసలి వేషములు

ఛాందసుడైన సుందరరామశాస్త్రిగా మాలపిల్ల (1938)లోను, బ్రహ్మనాయుడుగా పల్నాటి యుద్ధం (1947)లోను, షేక్‌స్పియరు లియరు రాజునకు తెలుగు తోబుట్టువనదగిన ఉగ్రసేన మహారాజుగా గుణసుందరి కథ (1949)లోను కనుపించి, పరస్పరవిరుద్ధములైన స్వభావములను ఒక్క శరీరమున నిలిపిన నటుడు డాక్టరు గోవిందరాజుల సుబ్బారావు. రంగస్థలముమీద పండిన ఆ కంఠము వెండితెరపై కొంత అతిశయించినమాట నిజమే, నాకదియు రుచించును.

హైదరాబాదు చెంతనున్న తెల్లాపూరు ఆకాశహర్మ్యములలో రాత్రివేళ చేతిఫోనున షావుకారు (1950) చూచువాడు గృహఋణపు నెలసరి వాయిదాలు చెల్లించుచున్నవాడే కావచ్చును. కావుననే అందు గోవిందరాజులవారు ధరించిన వడ్డీవ్యాపారి చెంగయ్య పాత్ర అతనికి సులభముగా బోధపడును. ఎల్. వి. ప్రసాద్ దర్శకత్వమున వచ్చిన ఆ చిత్రమున చెంగయ్య కేవల దుష్టుడు కాడు: ఇరుగుపొరుగు స్నేహమును కాపాడుకొనవలెనను మమకారమును, పంతమువలన పుట్టిన పగయు ఆ ముఖముననే పెనగులాడుచుండును. నాయికానాయకులైన రామారావు, జానకి యౌవనమున వెలుగుచుండగా, కథాభారమును మోసినది ఈ వృద్ధుడే.

కన్యాశుల్కం (1955)లో లుబ్ధావధాన్లు పెండ్లికి ఉవ్విళ్లూరుచు రూకలకై విలవిలలాడును. గోవిందరాజులవారు ఆ రెంటిని ఒకే క్షణమున చూపుదురు. పెదవి నవ్వుచుండును, చేయి మొలసంచిని విడువదు.